క్రిస్మస్ కేకు పిండి కలిపే ముందు ఇవి చూసుకోండి

క్రిస్మస్ దగ్గరికొచ్చేసింది, ఇంట్లోనే కేకు చేద్దామనుకునేవాళ్లు గిన్నె తీసే ముందు ఒక్కసారి ఇవి చదవండి.

– మైదా వేశాక బీటర్ పక్కన పెట్టేయండి. తడి తగిలిన మైదాని ఎంత గిలక్కొడితే అంత గ్లూటెన్ (పిండికి సాగే గుణమిచ్చే ప్రోటీన్) తయారై కేకు రబ్బరులా సాగుతుంది, లోపల పొడవాటి కన్నాలు పడతాయి. గరిటెతో అడుగు నుంచి పైకి మడతపెట్టినట్టు కలుపుతూ, పొడిపిండి కనిపించడం మానగానే ఆపేయాలి. చిన్న ఉండలు మిగిలినా పర్వాలేదు. ఇది తప్పితే మిగతావన్నీ సరిగ్గా చేసినా లాభం లేదు.

– వెన్న, గుడ్లు, పాలు గంట ముందే ఫ్రిజ్‌లోంచి తీయండి. చల్లటి గుడ్డు పడితే వెన్న, పంచదార మిశ్రమం విరిగిపోతుంది. విరిగినా టెన్షన్ వద్దు, చెంచా మైదా వేసి కలిపితే సర్దుకుంటుంది. వెన్న మెత్తబడాలే గానీ కరగకూడదు, కరిగితే గాలి పట్టదు.

– ఓవెన్ ముందే 180 డిగ్రీలకు వేడెక్కి ఉండాలి. పెరుగు, వంటసోడా వేసే గుడ్డులేని కేకుకైతే మరీనూ, ఎందుకంటే ఆ రెండూ కలిసిన క్షణం నుంచే గ్యాస్ పుడుతుంది, ఆలస్యమైతే పొంగంతా గిన్నెలోనే అయిపోతుంది. కుక్కర్లో చేసేవాళ్లు గాస్కెట్, విజిల్ తీసేసి ముందే వేడిచేసుకోండి.

– బేకింగ్ పౌడర్ పాతదా? కొంచెం వేడినీళ్లలో వేయండి, బుసబుసా పొంగకపోతే పారేయడమే.

– టూటీఫ్రూటీ, కిస్మిస్ అడుక్కి దిగిపోకుండా మైదాలో దొర్లించమంటారు గానీ, పిండి మరీ పల్చగా ఉంటే అదీ పనిచేయదు. ముక్కలు చిన్నగా తరిగి, తడి తుడిచి వేయండి.