1898దా, 1899దా? నౌకా విజయోత్సవపు పాత మూకీ తునకను పోల్చుకోవడం ఎలా

న్యూయార్కులో హడ్సన్ నదిపై విజయోత్సవ నౌకా ప్రదర్శన ఏడాది తేడాతో రెండుసార్లు జరిగింది. 1898 నాటి అమెరికా-స్పెయిన్ యుద్ధంలో క్యూబాలోని శాంటియాగో దగ్గర స్పెయిన్ నౌకాదళాన్ని ఓడించి వచ్చిన అమెరికా నౌకలకు 1898 ఆగస్టు 20న మొదటిది, అదే యుద్ధంలో ఫిలిప్పీన్స్‌లోని మనీలా అఖాతంలో గెలిచిన అమెరికా నౌకాధిపతి జార్జ్ డ్యూయీకి 1899 సెప్టెంబరు 29న రెండోది జరిగాయి. ఎడిసన్ కంపెనీ రెండింటినీ చిత్రీకరించింది. రెండుసార్లూ నౌకలు నది ఒడ్డున ఉన్న మాజీ అమెరికా అధ్యక్షుడు గ్రాంట్ సమాధి దాకా వెళ్లాయి కనుక, ఒడ్డున ఆ కట్టడం కనబడినంత మాత్రాన సంవత్సరం తేలదు.

ముందుగా రంగు చూడాలి. 1898లో నౌకలు యుద్ధకాలపు బూడిదరంగుతోనే వచ్చాయి. మరుసటి ఏడాదికి శాంతికాలపు తెలుపుకు మారాయి. అయితే 1912కు ముందు అమెరికాలో కాపీరైటు కోసం సినిమాలను ఫొటో కాగితంపై అచ్చువేసి దాఖలు చేసేవారు. మనకు దక్కిన చాలా తునకలు ఆ కాగితపు చుట్టల నుంచి మళ్లీ ఫిల్ముకు ఎక్కించినవే కాబట్టి తెలుపు మసకబారి, బూడిదరంగు తేలిపోయి కనిపిస్తుంది. అందుచేత నౌక పక్కకు తిరిగిన చోట బొమ్మను నిలిపి, దాని ఒంటిని అదే ఫ్రేములోని నావికుల తెల్లటి దుస్తులతోనో, పక్కన పోయే విహారనౌక తెల్లటి గోడతోనో సరిచూడాలి.

తర్వాత పొగగొట్టాలు లెక్కపెట్టాలి. శాంటియాగోలో పోరాడిన నౌకల్లో టెక్సాస్‌కు ఒకటే గొట్టం, బ్రూక్లిన్‌కు విపరీతమైన పొడవుగల మూడు గొట్టాలు. ఒకదాని వెనుక ఒకటిగా రెండు గొట్టాలున్న ఒలింపియా డ్యూయీ ఎక్కి వచ్చిన నౌక. 1898 ఆగస్టులో అది మనీలాలోనే ఉంది కాబట్టి, దాన్ని నిశ్చయంగా గుర్తుపట్టగలిగితే తునక 1899దే. ఇప్పటికీ ఫిలడెల్ఫియాలో ఉన్న ఆ నౌక ఫొటోలతో సరిచూసుకోవచ్చు. మాడిసన్ స్క్వేర్ దగ్గర డ్యూయీ కోసం కట్టిన విజయతోరణం కింద సైనికులు నడుస్తున్నారంటే అది సెప్టెంబరు 30 నాటి నేలమీది ఊరేగింపు.

వేగాన్ని నౌకను చూసి సరిచేయకండి, మోసపోతాం. డెక్కుపై నడిచే మనిషి అడుగు సహజంగా పడేదాకా ఫ్రేముల వేగాన్ని మార్చి చూడడం మేలు.

ఫిరంగులు పేలుతూ నౌకలు మునుగుతున్న తునక అయితే ఇంత శ్రమ అక్కర్లేదు: శాంటియాగో యుద్ధం పేరిట ఆ రోజుల్లో తొట్టి నీళ్లలో బొమ్మ నౌకలు తేల్చి తీసినవీ ఉన్నాయి. ఏ ఆనవాలూ దొరకని తునకకు మాత్రం “1898 లేదా 1899” అనే రాసి ఉంచాలి.