రివ్యూ రాయడం నేర్చుకుందాం, 4వ పాఠం: బోర్ ఎక్కడ మొదలైంది?

పోయిన పాఠంలో ఇచ్చిన పని చేశారా? 'బాగుంది', 'బాలేదు', 'లాగ్' అనే మూడు మాటలు వాడకుండా ఒక సినిమా మీద పది లైన్లు రాయమన్నాను. పెన్ను కదల్లేదంటే కంగారు పడకండి, నాకూ మొదట్లో అంతే.

రివ్యూలు మొదలుపెట్టిన కొత్తలో నేను ప్రతి రెండో సినిమాకీ 'సెకండాఫ్ లాగ్' అని రాసి పడేసేవాణ్ని. ఒకరోజు హన్మకొండ చౌరస్తాలో ఛాయ్ తాగుతుంటే మా గల్లీ కాక ఒకాయన పట్టుకున్నాడు. "తమ్మీ, లాగ్ లాగ్ అని రాస్తవ్, ఏడ లాగయిందో ఒక్కసారన్న చెప్పినవా?" అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. బోర్ కొట్టిందని గుర్తుంది గానీ ఎక్కడ కొట్టిందో గుర్తు లేదు.

అందుకే నోట్స్. జేబులో పట్టే చిన్న పుస్తకం, పెన్ను చాలు. ఫోన్‌లో రాసుకోవద్దు, వెలుగు పడితే వెనక సీటువాళ్లు ఊరుకోరు, పైగా ఫోన్ ఎత్తి పట్టుకుంటే రికార్డింగ్ అనుకుంటారు. 2023లో సవరించిన సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం థియేటర్లో సినిమా రికార్డు చేస్తే కనీసం 3 నెలల జైలు, 3 లక్షల జరిమానా, కాబట్టి ఆ అనుమానం కూడా మనకొద్దు. చీకట్లో పేజీకి రెండు మూడు మాటలే, పెద్ద అక్షరాలతో రాయండి (నా పాత పుస్తకాలు మందుల చీటీల్లా ఉంటాయి, నాకే అర్థం కావు).

కథ రాసుకోవద్దు. మీ మనసు తెర మీంచి జారిన చోటు రాసుకోండి. చెయ్యి ఫోన్ వైపు పోయిందా, పార్కింగ్ చీటీ ఎక్కడ పెట్టానా అని గుర్తొచ్చిందా, వెంటనే ఆ సీన్ గురించి ఒక ముక్క, పక్కన టైమ్.

ఇప్పుడు అసలు విషయం. బోర్ కొట్టిన చోటే తప్పు ఉంటుందనుకోకండి, చాలాసార్లు అది వెనక ఎక్కడో ఉంటుంది. ఫైట్ విసుగొచ్చిందనుకోండి, ఫైట్ మాస్టర్‌ని తిట్టేముందు, హీరో ఓడిపోతే పోయేదేంటో అంతకు ముందు ఏ సీన్‌లోనైనా చెప్పారా అని చూడండి. చెప్పకపోతే ఎన్ని కార్లు గాల్లోకి లేచినా మనకేం పట్టదు. ఇంటికొచ్చాక రాసుకున్న టైమ్ నుంచి వెనక్కి నడుస్తూ ఒకటే అడగండి: ఈ సీన్ పండాలంటే నాకు ముందే ఏం తెలిసి ఉండాలి?

పండిన సీన్‌కీ ఇదే పద్ధతి. 2023లో వచ్చిన 'బలగం' చివర్లో మన దుగ్గొండి మొగిలయ్య, కొమురమ్మ దంపతుల పాటకి థియేటర్లో ఏడవని వాళ్లు తక్కువ. 'క్లైమాక్స్ ఏడిపించింది' అని రాస్తే రివ్యూ కాదు, అది అందరికీ తెలుసు. ఎప్పుడో నల్లిబొక్క (మూలుగ ఉండే ఎముక) దగ్గర మొదలైన పంచాయితీ, బావాబామ్మర్దుల పంతం, చనిపోయిన తాత పేరు మీద పెట్టిన అన్నాన్ని పిట్ట, అంటే కాకి, ముట్టకపోవడం, ఇవన్నీ పోగైన తర్వాత వచ్చింది కాబట్టి ఆ పాట అంత పని చేసింది. మొదటి అరగంటలో పెట్టి ఉంటే మంచి పాట అనుకుని ఊరుకునేవాళ్లం. ఇంకో మాట, పిట్టకు పెట్టడం మనకి ఇంటి సంగతే గానీ వైజాగ్‌లో చదివేవాళ్లకి కాకపోవచ్చు, ఒక్క లైన్‌లో విడమర్చండి.

ఫస్ట్ షో వదలగానే గేటు దగ్గరే వీడియో తీస్తేనే వ్యూస్ అంటారు, అబద్ధమేం కాదు. అయినా ఈ వెనక్కి నడిచే పనికి ఒక గంట ఇవ్వండి. యూట్యూబ్ యాడ్ డబ్బులు మొదలవ్వాలంటేనే మామూలు వీడియోలకి 1000 మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4000 గంటల వాచ్ టైమ్ కావాలి. గంటలో పోయేదేం లేదు, ఉద్యోగం మాత్రం వదలొద్దు.

ఈసారి పని: ఇదివరకు చూసి బోర్ కొట్టిన సినిమా ఒకటి ఓటీటీలో పెట్టుకోండి. మనసు జారిన మూడు చోట్లు పట్టుకుని, ఒక్కోదానికి కారణమైన వెనకటి సీన్ వెతికి రాయండి. మూడింటికీ ఒకే సీన్ తేలినా తేలవచ్చు.

వచ్చే పాఠం ఇంటర్వెల్ మీద. దానికి మాత్రం థియేటర్‌కే పోవాలి, సమోసాల లైన్‌లో నిలబడి జనం ఏమంటున్నారో వినాలి.