సైనిక వైకల్య పింఛను తిరస్కరిస్తే అప్పీలు ఎలా చేయాలి?

సైన్యంలో గాయపడి లేదా జబ్బుపడి ఇంటికి చేరిన మాజీ సైనికుల్లో చాలామంది, వైకల్య పింఛను తిరస్కరిస్తూ వచ్చిన ఉత్తరాన్ని తుది తీర్పుగా భావించి ఊరుకుంటారు. నిజానికి దానిపై అప్పీలు చేసుకునే హక్కు ఉంది, సుప్రీంకోర్టు తీర్పుల బలమూ ఉంది.

ముందుగా డిశ్చార్జి తేదీ చూసుకోవాలి. 2023 సెప్టెంబరు 21 నుంచి కొత్త అర్హతా నియమాలు అమలులోకి వచ్చాయి కనుక, అంతకు ముందు సర్వీసు ముగిసినవారు పాత నియమాలనే ఆధారం చేసుకోవాలి. ఇక్కడ చెప్పేది ప్రధానంగా వారి గురించే.

తరువాతి పని మెడికల్ బోర్డు (సర్వీసు ముగిసేటప్పుడు వైకల్యాన్ని అంచనా వేసే సైనిక వైద్యుల బృందం) కాగితాలు సంపాదించడం. డిశ్చార్జి బుక్కు, పీపీఓ (పింఛను చెల్లింపు ఉత్తర్వు), గాయం నివేదిక, కోర్ట్ ఆఫ్ ఎంక్వైరీ (ఘటనపై సైన్యం జరిపే విచారణ) జరిగి ఉంటే దాని ప్రతి కూడా కావాలి. ఇవి మీ దగ్గర లేకపోతే మీ సర్వీసు రికార్డులు ఉండే రికార్డ్ ఆఫీసుకు 10 రూపాయల రుసుముతో సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. 30 రోజుల్లో జవాబు ఇవ్వడం వారి బాధ్యత. జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ఈ దరఖాస్తు రాయడంలో సాయపడుతుంది.

బోర్డు కాగితం చేతికి వచ్చాక రెండు గడులను నిదానంగా చదవాలి. ఒకటి వైకల్య శాతం. రెండోది, ఆ వైకల్యం సర్వీసు వల్ల కలిగిందా, సర్వీసు వల్ల ముదిరిందా అన్నది. ఎక్కువ దరఖాస్తులు వీగిపోయేది ఈ రెండో గడి దగ్గరే. అక్కడ ‘సర్వీసుతో సంబంధం లేదు’ అని ఒక్క ముక్క రాసి, కారణం రాయకుండా వదిలేశారంటే మీ అప్పీలుకు అదే గట్టి ఆధారం. సిగ్నల్స్ కోర్‌లో పనిచేస్తూ మూర్ఛ వ్యాధితో 20 శాతం వైకల్యం పాలైన ధరమ్‌వీర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు 2013లో ఈ విషయం తేల్చి చెప్పింది: చేరినప్పుడు జబ్బు ఉన్నట్టు రికార్డులో లేకపోతే అతడు ఆరోగ్యంగానే చేరాడని భావించాలి, సర్వీసుతో సంబంధం లేదని నిరూపించే భారం యాజమాన్యానిదే (అంటే ప్రభుత్వానిదే), బోర్డు కారణాలు చెప్పాలి. ఈ తీర్పును అప్పీలులో తప్పక పేర్కొనండి.

శాతం విషయంలోనూ నష్టపోకూడదు. నూరు శాతం వైకల్యానికి చివరి వేతనంలో 30 శాతం వైకల్య భాగంగా లభిస్తుంది, తక్కువ వైకల్యానికి అదే నిష్పత్తిలో తగ్గుతుంది. 20 శాతం నుంచి 50 శాతం లోపు ఉన్న వైకల్యాన్ని 50గా, 50 నుంచి 75 వరకు ఉన్నదాన్ని 75గా, ఆపైన నూరుగా లెక్కించాలి. చివరి వేతనం 40,000 రూపాయలైన వ్యక్తికి 30 శాతం వైకల్యం ఉంటే నెలకు 3,600 కాదు, 6,000 రావాలి. పదవీకాలం పూర్తిచేసి రిటైరైనవారికీ ఇది వర్తిస్తుందని రామ్ అవతార్ కేసులో 2014 డిసెంబరులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

తిరస్కరణ ఉత్తరం అందిన ఆరు నెలల్లోగా మొదటి అప్పీలు, అదీ వీగిపోతే మరో ఆరు నెలల్లోగా రెండో అప్పీలు పంపాలి. రిజిస్టర్డ్ పోస్టులో పంపి, రసీదు భద్రపరచండి, ఎందుకంటే తరువాత తేదీలే సాక్ష్యం.

అప్పటికీ న్యాయం జరగకపోతే సాయుధ దళాల ట్రిబ్యునల్ ఉంది. తెలుగు రాష్ట్రాలవారికి చెన్నై బెంచి పరిధి వర్తిస్తుంది. అప్పీలుపై ఆరు నెలలు గడిచినా నిర్ణయం రాకపోతే ఆగనవసరం లేదు, నేరుగా ట్రిబ్యునల్‌ను ఆశ్రయించవచ్చు. న్యాయవాదిని పెట్టుకోవచ్చు, స్వయంగానూ వాదించుకోవచ్చు. ఏళ్ల తరబడి ఆలస్యమైనవారు కూడా నిరాశ పడనక్కరలేదు: పింఛను నిరాకరణ నెలనెలా కొనసాగే అన్యాయం గనుక కేసు నిలుస్తుంది, అయితే బకాయిలు సాధారణంగా పిటిషను వేసిన తేదీకి ముందు మూడేళ్లకే పరిమితమవుతాయని 2008 నాటి తర్సేమ్ సింగ్ తీర్పు చెబుతోంది.