జర్మన్ సామాజికవేత్తలను చదవడం – 4వ పాఠం: సిమ్మెల్ చూపిన మూడవ వ్యక్తి

గత పాఠంలో మాక్స్ వెబర్ అధికారాన్ని మూడు రకాలుగా విడదీసిన తీరు చూశాం. ఈసారి ఆయన సమకాలికుడు జార్జ్ సిమ్మెల్ నుంచి ఒకే ఒక పద్ధతిని నేర్చుకుందాం. మనుషులు ఏ పనికోసం కలిశారన్నది కాసేపు పక్కన పెట్టి, ఎంతమంది కలిశారో, వారిలో ఎవరు ఎవరికి ఎలా ఎదురై నిలిచారో చూడటమే ఆ పద్ధతి.

సిమ్మెల్ 1858లో బెర్లిన్‌లో, క్రైస్తవం స్వీకరించిన యూదు కుటుంబంలో పుట్టాడు. 1885 నుంచి అక్కడి విశ్వవిద్యాలయంలో జీతం లేని అధ్యాపకుడిగా, విద్యార్థులు చెల్లించే రుసుముతో పాఠాలు చెప్పాడు. 1908లో హైడెల్‌బర్గ్ ఆచార్య పదవికి వెబర్ ఆయనను సమర్థించినా, చరిత్రకారుడు డీట్రిష్ షేఫర్ యూదు ద్వేషంతో వ్యతిరేకంగా లేఖ రాశాడు, పదవి దక్కలేదు. పూర్తిస్థాయి ఆచార్యుడు కావడానికి 1914 వరకు, అదీ స్ట్రాస్‌బర్గ్‌లో, ఆగవలసి వచ్చింది. నాలుగేళ్లకే మరణించాడు.

మనకు కావలసిన పాఠం 1908లోనే వెలువడిన ఆయన ‘సోషియాలజీ’ గ్రంథంలో ఉంది. పోటీ, పెత్తనం, పని విభజన వంటి రూపాలు రాజ్యంలోనూ, మతసంఘంలోనూ, కుట్రదారుల ముఠాలోనూ, కుటుంబంలోనూ ఒకే విధంగా కనిపిస్తాయని, విషయం మారినా రూపం నిలుస్తుందని ఆయన వాదం. ఇద్దరే ఉన్న బృందంలో ఒకరు తప్పుకుంటే బృందమే మిగలదు కాబట్టి, బాధ్యతను ‘అందరి’ మీదకు నెట్టే వీలు ఎవరికీ ఉండదు. మూడవ వ్యక్తి రాగానే అధికసంఖ్య అనేది పుడుతుంది, ఒకరు వెళ్లినా బృందం బతుకుతుంది. నాలుగో వ్యక్తి చేరినప్పుడు ఇంతటి మార్పు రాదు.

ఆ మూడవ వ్యక్తికి సిమ్మెల్ ప్రధానంగా మూడు పాత్రలు చూపాడు: తగవు తీర్చే తటస్థుడు, ఇతరుల తగవుతో లాభపడేవాడు, తన లాభంకోసం తగవును తానే పెట్టేవాడు. మన ‘పిట్టపోరు పిట్టపోరు పిల్లి తీర్చింది’ అన్న సామెతలోని పిల్లి మొదటి పాత్ర వేషం వేసుకుని రెండవ పాత్ర పోషిస్తుంది. పాత్రలు ఇలా కలిసిపోతాయి కాబట్టే, కొత్తగా నేర్చుకునేవారు ఎవరి మాటనో నమ్మి పేరు పెట్టేస్తారు. దానికి బదులు ఒక ప్రశ్న వేయాలి: మూడవ వ్యక్తిని తొలగిస్తే తగవు కొనసాగుతుందా? కొనసాగకపోతే అతడు తగవు పెట్టినవాడేనని అనుమానించవచ్చు. కొనసాగితే, తగవు తీరాక అతనికి ఏం దక్కిందో చూడాలి.

ఒక ఉదాహరణ చూద్దాం. 1878లో రష్యా, తుర్కీ యుద్ధం తర్వాత బాల్కన్ ప్రాంతాల పంపకంపై రష్యాకు, బ్రిటన్, ఆస్ట్రియా-హంగరీలకు మధ్య వివాదం రేగినప్పుడు జర్మనీ ఛాన్సలర్ బిస్మార్క్ తనను నిజాయితీగల దళారిగా చెప్పుకుని, బెర్లిన్ సమావేశాన్ని నడిపించాడు. ఆయన లేకపోయినా ఆ వివాదం ఉండేది, అంటే తగవు పెట్టినవాడు కాదు. జర్మనీకి అందులో భూభాగమూ దక్కలేదు. పైగా రష్యా అసంతృప్తితో వెనుదిరిగింది, మరుసటి సంవత్సరమే జర్మనీ ఆస్ట్రియా-హంగరీతో కూటమి కట్టింది. తటస్థుడు తటస్థంగా మిగలలేకపోయిన ఈ స్థితి మూడు పాత్రల్లో దేనిలోనూ పూర్తిగా ఇమడదు. నా దృష్టిలో పద్ధతి నిజంగా పనిచేసేది ఇక్కడే.

అభ్యాసం: మీకు బాగా తెలిసిన ముగ్గురి తగవు ఒకటి తీసుకుని, దేని గురించి తగవో చెప్పకుండా, స్థానాలు మాత్రమే వివరిస్తూ ఒక పేరా రాయండి. తర్వాత మూడవ వ్యక్తిని తొలగించి అదే పేరాను మళ్లీ రాయండి. రెండింటిలో మారిన వాక్యాల కింద గీత గీసి ఉంచండి. 5వ పాఠంలో సిమ్మెల్ ‘పరాయివాడు’ అనే భావనను వాటిపైనే ప్రయోగిస్తాం.