అడుగున తిరిగే చేపలు – రెండో పాఠం: తొట్టెను నేలతో కొలవాలి

పోయిన పాఠంలో రెండు పనులు చెప్పాను. ఇంట్లో వాడే నీళ్లు ఒక గ్లాసులో పట్టి టీడీఎస్, అంటే నీళ్లలో కరిగిన లవణాల లెక్క, చూడమన్నాను. తొట్టె పెట్టాలనుకున్న చోట ఒక బకెట్ నీళ్లు ఉంచి, మధ్యాహ్నం మూడింటికి ఆ నీళ్ల వేడి ఎంతుందో మూడు రోజులు రాసుకోమన్నాను. ఆ అంకెలు పక్కన పెట్టుకుని ఈ పాఠం చదవండి. ఏ తొట్టె కొనాలి, ఏ నీళ్లు పోయాలి, ఏ చేప తేవాలి అన్నది చాలావరకు వాటిలోనే ఉంది.

ముందు తొట్టె. షాపులో మొదట ఎత్తుగా, సన్నగా ఉన్న తొట్టెలు చూపిస్తారు. హాల్లో పెడితే అందంగా ఉంటాయి, నిజమే. కానీ మనం పెంచబోయేవి కోరీలు అనే చిన్న మీసాల చేపలు, కూలీ లోచ్‌లు అనే సన్నటి పొడుగు చేపలు. ఎక్కువగా అడుగునే తిరుగుతాయి, అడుగునే తింటాయి, అడుగునే పడుకుంటాయి. పైన ఎన్ని లీటర్ల నీళ్లున్నా వాటికి ఒరిగేది తక్కువ. నెల్లూరులో స్థలం కొనేవాళ్లు ఎన్ని అంకణాలని అడుగుతారు గానీ, పైన ఎంత ఆకాశం ఉందని అడగరు కదా. ఈ చేపల లెక్కా అంతే.

ఒక ఉదాహరణ చూడండి. 24 అంగుళాల పొడవు, 12 వెడల్పు, 18 ఎత్తు ఉన్న తొట్టె ఒకటి. 24 పొడవు, 18 వెడల్పు, 12 ఎత్తు ఉన్నది ఇంకొకటి. రెండింటిలోనూ సుమారు 85 లీటర్లే పడతాయి. కానీ మొదటి దానికి నేల 288 చదరపు అంగుళాలు, రెండో దానికి 432. అంటే ఒకటిన్నర రెట్లు. రెడీమేడ్‌లో ఈ కొలత దొరక్కపోతే తొట్టెలు అతికించి ఇచ్చేవాళ్లకు కొలతలు చెప్పి చేయించుకోండి. చోటు లేదంటే 24, 12, 12 తీసుకోండి. ఆరు కోరీలకు అది సరిపోతుంది. అంతకన్నా చిన్నది వద్దు. గుండ్రటి గాజు గిన్నె అసలే వద్దు.

వెడల్పు తొట్టె వల్ల ఇంకో లాభం ఉంది. గాలి నీళ్లలోకి దిగేది పైభాగం నుంచే. అది ఎంత విశాలంగా ఉంటే అంత మేలు, మన ఎండల్లో మరీ ముఖ్యం. 25 డిగ్రీల దగ్గర లీటరు నీళ్లలో 8 మిల్లీగ్రాముల పైచిలుకు ఆక్సిజన్ పడుతుంది. 35 డిగ్రీలకు అది 7 కన్నా తగ్గిపోతుంది. కోరీ అప్పుడప్పుడూ బాణంలా పైకి దూసుకెళ్లి, ఒక గుక్క గాలి మింగి మళ్లీ కిందికి వస్తుంది. ఆ గాలిలోని ఆక్సిజన్‌ను పేగు ద్వారా పీల్చుకుంటుంది. అరగంటకో గంటకో ఒకసారైతే అది మామూలే, టెన్షన్ పడక్కర్లేదు. పదే పదే వెళ్తుంటే మాత్రం నీళ్లలో ఏదో తేడా ఉన్నట్టు. అందుకే తొట్టెను అంచుదాకా నింపకుండా పైన రెండు అంగుళాలు వదలండి. మూత కూడా తప్పనిసరి. కూలీ లోచ్ సన్నటి పాములా ఉంటుంది, వేలు పట్టేంత సందున్నా బయటపడుతుంది.

బరువు సంగతి. 24, 12, 12 తొట్టె గాజు, ఇసుక, నీళ్లు కలిపి సుమారు 70 కిలోలు ఉంటుంది. పాతిక కిలోల బియ్యం మూటలు మూడు ఒకదాని మీద ఒకటి పెడితే ఆగే బల్ల అయితేనే దీనికి పనికొస్తుంది. కింద థర్మాకోల్ షీట్ వేయండి.

ఇప్పుడు ఇసుక. ఈ పాఠంలో దీని మీదే ఎక్కువసేపు ఉంటాను.

నా మొదటి తొట్టెలో రంగురంగుల గులకలు వేశాను. షాపులో అవే ఇచ్చారు, నేనూ అడగలేదు. నాలుగు నెలలకు కోరీల మూతి దగ్గరి మీసాలు పొట్టివయ్యాయి. ఒకదానికైతే రెండు మోడులు మిగిలాయంతే. గులకల సందుల్లోకి మేత జారి కుళ్లింది. ఆ మురికిలోనే, ఆ గరుకు అంచుల మీదే అవి రోజంతా మూతి రాసుకున్నాయి. మన జెల్లకు లాగానే వీటికీ మీసాలే చేతులు, నాలుక. అవి లేని చేప మేత పక్కనే ఉన్నా వెతుక్కోలేదు. గులకలన్నీ తీసేసి ఇసుక వేశాక కొన్నింటికి మీసాలు మళ్లీ పెరిగాయి. ఆ మోడులున్నది మాత్రం దక్కలేదు.

ఇసుక వేసిన రోజు సాయంత్రం తొట్టె ముందు నేల మీద కూర్చుని చూశాను. ఒక కోరీ మూతిని కళ్లదాకా ఇసుకలో గుచ్చింది. నోటినిండా తీసుకుంది. రెండు మొప్పల కిందనుంచీ ఇసుక సన్నటి ధారగా జారింది. తినేది లోపల ఉంచుకుని మిగతాది వదిలేసింది. ఇంట్లో పెద్దవాళ్లు చేటలో బియ్యం చెరిగినట్టే ఉంది. గులకలున్న నాలుగు నెలల్లో ఈ పని అవి ఒక్కసారి కూడా చేయలేకపోయాయి.

పెన్నా ఇసుక దీనికి బాగుంటుంది. ఇల్లు కట్టే చోట అడిగితే ఒక బకెట్ ఇస్తారు. సిమెంటు, సున్నం కలవని కుప్పలోంచి తీసుకోండి. ముందు పిండి జల్లెడ పట్టండి. పైన మిగిలిన గరుకు రాళ్లు పారేయండి, కిందికి దిగిన సన్న ఇసుక ఉంచుకోండి. తర్వాత బకెట్లో వేసి చేత్తో కలుపుతూ కడగాలి. మొదట నీళ్లు టీ రంగులో వస్తాయి. పదిహేను, ఇరవై సార్లు మారిస్తే తేటగా వస్తాయి. విసుగొస్తుంది గానీ సగంలో ఆపకండి. చివర గుప్పెడు తీసి అరచేతుల మధ్య గట్టిగా రుద్దండి. గుచ్చుకుంటే ఆ ఇసుక వద్దు. రెండు అంగుళాల కన్నా మందంగా వేయకండి, లోపల గాలి ఆడక కుళ్లుతుంది.

మైపాడు బీచ్ ఇసుక మెత్తగా ఉంటుంది కదా అని చాలామంది అడుగుతారు. తేవద్దు. అందులో ఉప్పుంటుంది, అరిగిపోయిన గవ్వల పొడి ఉంటుంది. ఆ గవ్వలు నీళ్లలో మెల్లగా కరిగి సున్నం వదులుతూనే ఉంటాయి. అనుమానం ఉన్న ఏ ఇసుకనైనా, రాయినైనా ఇంట్లోనే పరీక్ష చేయొచ్చు. పొదలకూరు నిమ్మకాయ ఒకటి కోసి ఆ పొడి ఇసుక మీద పిండండి. బుడగలొస్తే సున్నం ఉన్నట్టే. కడప బండ కూడా సున్నపురాయే. తొట్టె కింద వేసుకోండి, లోపల పెట్టకండి.

దాక్కునే చోటుకు మార్కాపురం పలకలకు మించింది లేదు. చిన్నప్పుడు బడికి తీసుకెళ్లిన రాతి పలకే. చెక్క చట్రం తీసేసి, బలపం గీతలు కడిగేసి, అంచులు గరుకు రాయి మీద అరగదీయండి. రెండు నున్నటి గులకరాళ్ల మీద అడ్డంగా పెడితే గుహ అవుతుంది. రాళ్లు ఇసుక మీద కాదు, అడుగు గాజుకు ఆనేలా పెట్టండి. చేపలు తవ్వినప్పుడు పలక కూలకుండా ఉంటుంది.

ఇక నీళ్లు. మీరు రాసుకున్న టీడీఎస్ 300 లోపు ఉంటే ఆ నీళ్లే వాడండి. 300 నుంచి 600 మధ్య ఉంటే ఆర్వో క్యాన్ నీళ్లు సగం కలపండి. సముద్రం దగ్గరి బోర్లలో వెయ్యి దాటి చూపిస్తుంటుంది, అవి మాత్రం వద్దు. ఇవి నేను వాడే హద్దులు. టీడీఎస్ మీటరు లవణాలు ఎన్నున్నాయో చెబుతుంది గానీ, అందులో ఉప్పెంత, సున్నమెంత అన్నది చెప్పదు. ఒట్టి ఆర్వో నీళ్లూ మంచివి కావు, చేపకు కావాల్సిన ఖనిజాలు వాటిలో ఉండవు. కుళాయి నీళ్లయితే ఎయిర్ పంపు పెట్టి ఒక రోజు ఉంచండి, క్లోరిన్ పోతుంది.

ఇప్పుడు రెండో అంకె, వేడి. హీటర్ అమ్ముతారు. నెల్లూరు, ఒంగోలు ఇళ్లలో దాని అవసరం దాదాపు రాదు. మన ఇబ్బంది మే నెలతో. మీ బకెట్ నీళ్లు మధ్యాహ్నం 30 దాటితే తొట్టె చోటు మార్చండి. పడమటి గోడ పక్కన, పై అంతస్తు స్లాబ్ కింద వద్దు. చిన్న ఫ్యాన్ నీటి పైభాగం మీద తగిలేలా పెడితే రెండు, మూడు డిగ్రీలు దిగుతుంది. నీళ్లు ఆవిరైపోతాయి, వాటిలోని లవణాలు మాత్రం తొట్టెలోనే ఉండిపోతాయి. కాబట్టి తగ్గిన మేరకు ఆర్వో నీళ్లే పోయండి.

చేప ఎంపిక కూడా ఇక్కడే తేలుతుంది. పాండా కోరీ, పెప్పర్డ్ కోరీ చల్లటి నీళ్లవి, మన ఎండాకాలం వాటికి శిక్ష. కంచు (బ్రాంజ్) కోరీ, స్టెర్బై కోరీ మనకు నయం. కూలీ లోచ్ ఇండోనేషియా, మలేషియా వైపుది, వేడికి అలవాటున్నది. 2024లో శాస్త్రవేత్తలు కోరీల వర్గీకరణ మార్చారు, కంచు కోరీ ఇప్పుడు కోరిడోరాస్ కాదు, ఆస్టియోగాస్టర్. షాపులో మాత్రం కోరీ అనే అడగండి. ఏదైనా ఒకే రకం ఆరు తీసుకోండి. ఒంటరిగా ఉంటే బెదిరి మూల పడుతుంది. ‘ఇది క్లీనర్ చేప, మేత అక్కర్లేదు’ అంటే నమ్మకండి. మలం తినదు, పస్తులుంటుంది.

చివరిది, అన్నిటికన్నా ఓపిక కావాల్సింది. నేను రొయ్యల గుంటల నీళ్లు పరీక్షించే ల్యాబులో పని చేస్తాను. ఇందుకూరుపేట, విడవలూరు వైపు ఏ రైతునడిగినా చెబుతాడు, నీళ్లు తయారు కాకుండా సీడు, అంటే రొయ్య పిల్లలు, వదలకూడదని. తొట్టెకూ అదే. మేత, మలం నుంచి అమోనియా పుడుతుంది. ఒక రకం బ్యాక్టీరియా దాన్ని నైట్రైట్ చేస్తుంది, అదీ విషమే. ఇంకో రకం దాన్ని నైట్రేట్ చేస్తుంది, అది చాలావరకు భరించదగ్గది. ఈ బ్యాక్టీరియా స్పాంజి ఫిల్టర్లో స్థిరపడటానికి నాలుగు నుంచి ఆరు వారాలు పడుతుంది. నీళ్ల ఆమ్ల, క్షార గుణం చూపే అంకె పీహెచ్. అది 7 నుంచి 8కి పెరిగితే అమోనియాలో విషంగా పనిచేసే భాగం సుమారు పది రెట్లవుతుంది. పీహెచ్ ఎక్కువుండే మన బోరు నీళ్లతో తొందరపడటం అందుకే ప్రమాదం. ఎవరిదైనా ఆరోగ్యంగా ఉన్న పాత మంచినీటి తొట్టె ఉంటే, వాళ్ల స్పాంజిని మీ నీళ్లలో పిండించుకోండి, కొన్ని వారాలు కలిసొస్తాయి.

వచ్చే పాఠం చేపలు వదలడం, మేత. అప్పటికి మీ తొట్టెలో ఇసుక, పలక, నీళ్లు, నడుస్తున్న ఫిల్టర్ ఉండాలి, చేప ఉండకూడదు. రోజూ చిటికెడు మేత వేస్తూ ఉండండి. మూడు రోజులకోసారి అమోనియా, నైట్రైట్ చూసి తేదీతో రాయండి. కిట్ లేకపోతే మీ దగ్గరి ఆక్వా ల్యాబుకు ఒక సీసా నీళ్లు పట్టుకెళ్లి, ఇది మంచినీటి తొట్టె అని చెప్పి ఇవ్వండి.