పర్లాకిమిడి వైపు వాళ్లకు: ఏఆర్‌టీ సెంటర్‌లో నమోదు ఎలా, ఆ మాత్ర ఏం చేస్తుంది

హెచ్‌ఐవీ మందులకు ఒడిశాలో మా వైపు జనం ముందు అడిగే మాట ‘ఏ కాగితాలు కావాలి?’ అని కాదు, ‘ఎవరూ ఎరగని ఊరు ఏది?’ అని. పర్లాకిమిడి మనిషి శ్రీకాకుళం పోదామంటాడు, గుణుపురం మనిషి బరంపురం అంటాడు. తప్పేం లేదు, ఏ ఏఆర్‌టీ సెంటర్‌లోనైనా (హెచ్‌ఐవీ మందులిచ్చే ప్రభుత్వ కేంద్రం) మందు ఉచితమే. కాకపోతే ఇది ఒక్కసారితో తీరే ప్రయాణం కాదు. కూలి పని మానుకుని, బస్సు ఖర్చు పెట్టుకుని ఎన్నాళ్లు వెళ్లగలరో లెక్కేసుకుని ఊరు ఎంచుకోండి.

మొదటి మెట్టు ఐసీటీసీ, అంటే హెచ్‌ఐవీ సలహా, పరీక్షల కేంద్రం. ప్రభుత్వ ఆసుపత్రిలో ఉండే ఈ కేంద్రంలో పరీక్ష ఉచితం. మీ ఒప్పుకోలు తీసుకున్నాకే రక్తం తీస్తారు. ఒక్క పరీక్షతో పాజిటివ్ అని తేల్చరు, వేర్వేరు కిట్లతో మూడుసార్లు చూస్తారు. ప్రైవేటు ల్యాబ్ రిపోర్టు చేతిలో ఉన్నా ఇక్కడ మళ్లీ చేయించుకోవాల్సిందే.

ఆ రిపోర్టుతో ఏఆర్‌టీ సెంటర్‌కు వెళ్లాలి. బరంపురంలో ఎంకేసీజీ మెడికల్ కాలేజీలో ఉంది. మీకు దగ్గరలో ఏది ఉందో హెచ్‌ఐవీ హెల్ప్‌లైన్ 1097కు ఫోన్ చేసి అడగండి, ఆ కాల్ ఉచితం. ఆధార్ గానీ రేషన్ కార్డు గానీ, రెండు ఫొటోలు పట్టుకెళ్లండి. ఒడియా చదవడం రాకపోతే మొహమాటపడకుండా కౌన్సెలర్‌కు చెప్పి, ఫారంలో ఏముందో చదివించుకున్నాకే సంతకం పెట్టండి. నమ్మకమైన మనిషి ఒకరు తోడుంటే మంచిది. నమోదయ్యాక మీకొక గ్రీన్ బుక్ (మీ చికిత్స వివరాలు రాసే పుస్తకం) ఇస్తారు. ఇకపై వెళ్లిన ప్రతిసారీ అది చేతిలో ఉండాలి.

సీడీ4 (జబ్బులను ఎదిరించే తెల్ల రక్తకణాల లెక్క), క్రియాటినిన్ (కిడ్నీల పనితీరు), హెపటైటిస్ బి, సి పరీక్షలు చేస్తారు. దగ్గు, జ్వరం, బరువు తగ్గడం గురించి అడుగుతారు. టీబీ లక్షణాలు ఉంటే దాచకండి. 2017 నుంచి సీడీ4 ఎంత ఉన్నా మందు మొదలుపెడుతున్నారు, అంకె పడిపోయేదాకా ఆగాల్సిన పని లేదు.

ఇచ్చేది ఎక్కువగా టీఎల్‌డీ. రోజుకు ఒక్క మాత్ర, అందులో మూడు మందులు: టెనోఫొవిర్ 300, లామివుడిన్ 300, డోలుటెగ్రవిర్ 50 మిల్లీగ్రాములు. మన పొలం రికార్డులో దొంగ పేరు ఎక్కించడం ఎలాగో, వైరస్ పనీ అలాంటిదే. ముందు తన ఆర్‌ఎన్‌ఏను (వైరస్ జన్యు రాత) డీఎన్‌ఏగా (మన కణాల జన్యు రాత) నకలు రాసుకుంటుంది. తర్వాత ఆ నకలును సీడీ4 కణం డీఎన్‌ఏలో ఎక్కించేస్తుంది. మొదటి రెండు మందులు నకలును సగంలో ఆపేస్తాయి. మూడోది ‘ఇంటిగ్రేజ్ ఇన్‌హిబిటర్’ తరగతి మందు. నకలును రికార్డులో ఎక్కించే ఇంటిగ్రేజ్ అనే ఎంజైమును అది కట్టిపడేస్తుంది. కొత్త ఎక్కింపులు ఆగుతాయి గానీ, పాతవాటిని కొట్టేసే మందు ఇంకా లేదు. మాత్ర మానితే నిద్రపోతున్న కణాల్లోంచి వైరస్ మళ్లీ లేస్తుంది. జీవితాంతం వేసుకోమనేది అందుకే.

మనవాళ్లు పొరపాటు చేసేది మాత్ర వేళ దగ్గర కాదు, మిగతా మందుల దగ్గర. మెగ్నీషియం, అల్యూమినియం ఉన్న గ్యాస్ మందు డోలుటెగ్రవిర్‌ను పట్టేసుకుని ఒంటికి ఎక్కనివ్వదు. గ్యాస్ మందుకు 2 గంటల ముందు గానీ, 6 గంటల తర్వాత గానీ ఏఆర్‌టీ మాత్ర వేసుకోవాలి. ఐరన్, కాల్షియం బిళ్లలకూ ఇదే లెక్క, భోజనంతో అయితే కలిపి వేసుకోవచ్చు. టీబీకి రిఫాంపిసిన్ వాడుతుంటే 12 గంటల తేడాతో ఇంకో డోలుటెగ్రవిర్ 50 ఇస్తారు. షుగరుకు మెట్‌ఫార్మిన్ వాడేవాళ్లు ముందే చెప్పండి, మోతాదు తగ్గించాల్సి రావచ్చు.

ఇంకొకటి. ఇంట్లో తెలుస్తుందని సీసా పారేసి మాత్రలను కాగితంలో చుట్టి బియ్యం డబ్బాలో పెట్టేవాళ్లున్నారు. ఆ సీసాలో చెమ్మ పీల్చే చిన్న పొట్లం ఉంటుంది, దాంతోనే ఉంచాలి. కావాలంటే పైన చీటీ చింపుకోండి. మళ్లీ వెళ్లినప్పుడు సీసా తెమ్మంటారు, మిగిలిన మాత్రలు లెక్కపెడతారు. ఒక పూట మరిచిపోతే గుర్తొచ్చినప్పుడు వేసుకోండి, రెండు కలిపి మింగొద్దు.

6 నెలలకు, 12 నెలలకు, తర్వాత ఏడాదికోసారి వైరల్ లోడ్ పరీక్ష (రక్తంలో వైరస్ ఎంత ఉందో చూసేది) ఉంటుంది. వైరస్ కనిపించనంతగా తగ్గి అలాగే నిలిస్తే లైంగికంగా ఇతరులకు సోకదు.

విశాఖకో, హైదరాబాద్‌కో పనికి పోయేవాళ్లు చెప్పకుండా మాయమవద్దు. కొన్నాళ్లకే అయితే అక్కడి సెంటర్‌లో గ్రీన్ బుక్ చూపించి మందు తీసుకోవచ్చు. మకాం మారితే ట్రాన్స్‌ఫర్ రాయించుకోవాలి. ఒడిశాలోనే ఉండేవాళ్లు ఆ రాష్ట్ర ప్రభుత్వం ఇచ్చే మధుబాబు పింఛన్‌కూ దరఖాస్తు పెట్టుకోవచ్చు.

మీ ఫలితం బయటపెట్టే హక్కు సిబ్బందికి లేదు. 2018 సెప్టెంబరు 10 నుంచి అమల్లో ఉన్న హెచ్‌ఐవీ చట్టం ఆ గోప్యతకు అండ. వరుసలో నిలబెట్టి పేరు, జబ్బు గట్టిగా అరిచి పిలిస్తే, ‘లోపలికి పిలిచి మాట్లాడండి’ అని అడగండి.