పని నేర్చుకుంటున్న కళాకారుడిపై మూకీ లఘుచిత్రం ఎలా తీయాలి?

మాటలు లేని చిత్రంలో కథ నడపవలసింది చేతులే కాబట్టి, నేర్చుకునే కొద్దీ తేడా కంటికి తెలిసే పనినే ఎంచుకోవాలి. కొండపల్లి బొమ్మల తయారీ ఇందుకు ఎంతో అనువైనది. తెల్లపొణికి చెక్కను సెగకు ఆరబెట్టడం, భాగాలను విడివిడిగా చెక్కి, చింతగింజల పిండి, రంపపు పొట్టు కలిపిన మక్కుతో అతికించడం, ఆకురాయితో నునుపు చేసి రంగులు వేయడం, ఏదీ వివరణ కోరదు.

ముందుగా కెమెరా లేకుండా వెళ్లి, గురువు చేయి ఎక్కడ ఆగుతుందో, శిష్యుడి చేయి ఎక్కడ తడబడుతుందో చూసి రాసుకోండి. అన్ని దశలనూ చూపాలన్న ఆశ వదులుకుని, అయిదు నిమిషాల చిత్రానికి ఒక్క పనినే, ఉదాహరణకు అంబారీ ఏనుగుకు తొండం అతికించడాన్నే తీసుకోండి.

ఆ ఒక్క పనినీ కొన్ని వారాల ఎడంతో మూడుసార్లు, ట్రైపాడ్ ఉంచిన చోటు, ఎత్తు, లెన్సు ఏవీ మార్చకుండా చిత్రీకరించాలి. ఈ చిత్రానికి ప్రాణం ఇదే. మొదటిసారి మక్కు ఎక్కువై అతుకు పక్కల నుంచి ఉబుకుతుంది, తుడవబోయిన వేళ్లు దాన్ని మరింత పులుముతాయి. తరువాత అతుకు సన్నబడినా తొండం ఒరుగుతుంది. చివరికి బొటనవేలు ఒక్కసారి ఒత్తి వదిలేస్తుంది. తప్పు చేసినట్టు నటించమని శిష్యుణ్ని ఎప్పుడూ అడగకండి, నటించిన తడబాటు తెరమీద ఇట్టే తెలిసిపోతుంది. అందుకే అతను పనిలో చేరిన తొలిరోజుల్లోనే చిత్రీకరణ మొదలుపెట్టాలి.

గురువు మెప్పును కూడా పనిలోనే చూపండి. సరిదిద్దడానికి చేయి చాచకుండా తరువాతి చెక్కముక్కను అందిస్తే చాలు.

వెలుతురుకు కిటికీ పక్కన కూర్చోబెట్టడం మేలు. ట్యూబులైటు తప్పనిసరైతే, మన విద్యుత్తు 50 హెర్ట్జ్ కనుక సెకనుకు 25 ఫ్రేములు, షట్టరు 1/50 పెడితే వెలుగు మిణుకుమనదు.

తెరపై అక్షరాలు వీలైనంత తక్కువగా వాడి, ప్రతి కార్డునూ నిదానంగా రెండుసార్లు చదివేంతసేపు ఉంచండి. "గురువుకు కోపం వచ్చింది" అని రాయవలసి వస్తే, ఆ దృశ్యాన్ని మళ్లీ తీయాలన్నమాట.

కూర్పు పూర్తయ్యాక, ఈ పని ఎరుగని ఒకరికి చూపి, ఏం జరిగిందో చెప్పమనండి. వారు తడుముకున్న చోట దగ్గరి షాట్ చేర్చండి. బయట ప్రదర్శించే ముందు మాత్రం గురుశిష్యులిద్దరికీ చూపాలి. పని వరుసలో ఎక్కడ తేడా వచ్చినా ముందుగా కనిపెట్టేది వారే.